పదకొండు రోజుల కెమెరా

పిస్కాటవే,
ఫిబ్రవరి 9, 2025

గిరిజ పిన్నికి,

ఫోన్‌లో నీకు సగమే వినిపిస్తోందనీ, వినిపించని సగానికి నువ్వే ఏదో ఊహించి జవాబు చెప్పేస్తున్నావనీ బాబాయి అన్నాడు. అందుకని ఉత్తరం రాస్తున్నాను. చేత్తో తెలుగు రాసి చాలా ఏళ్ళయింది. అక్షరాలు బాగాలేకపోతే ఏమీ అనుకోకు.

విషయం చెప్తాను. నేను పాఠాలు చెప్పే కాలేజీలో సెప్టెంబర్‌లో గెర్హార్ట్ టీమ్లర్ తీసిన టీవీ సినిమాలు వారం రోజులపాటు వేస్తున్నారు. దానికి ఒక చిన్న పుస్తకం అచ్చేస్తారు. అందులో ఆయన పని మీద వ్యాసం నేను రాయాలి. టీమ్లర్ నీకు గుర్తుండే ఉంటాడు. నాకు పన్నెండేళ్ళప్పుడు నువ్వు హైదరాబాద్ వస్తూ చాక్లెట్లతోబాటు ఒక వీడియో కాసెట్ తెచ్చావు, మా ఊరి దగ్గర తీసిన సినిమా చూడండి అని. ఇంట్లోవాళ్ళు పది నిమిషాలు చూసి లేచిపోయారు. నేను చివరిదాకా చూశాను. తరవాత అదే మనిషి మీద పిహెచ్‌డి చేశాను. నా చదువు ఆ కాసెట్‌తోనే మొదలైందని నీకెప్పుడైనా చెప్పానో లేదో.

దూరం నుంచి చూస్తే ఆయనది చాలా మామూలు జీవితం పిన్నీ. పద్దెనిమిదో ఏట జర్మనీలో ఒక టీవీ స్టేషన్‌లో కేబుళ్ళు మోసే పనికి చేరాడు. వార్తలు చదివేవాళ్ళకి లైట్లు అమర్చాడు. కెమెరా చేతికి రావడానికి ఆరేళ్ళు పట్టింది. ఒక పోలీసు సీరియల్‌కి ముప్ఫై ఒక్క ఎపిసోడ్లు తీశాడు, చివరి పన్నెండింటికి దర్శకుడూ ఆయనే. రైల్వే గేట్లు కాసేవాళ్ళ మీద ఒక డాక్యుమెంటరీ తీశాడు. ఎవరూ తిట్టలేదు, ఎవరూ గుర్తుపెట్టుకోలేదు. నలభై ఏడేళ్ళ వయసులో, 1985లో, డెట్రాయిట్ కార్ల ఫ్యాక్టరీ కుటుంబాల మీద ‘షిఫ్ట్ దిగాక’ తీశాడు. అదే నువ్వు తెచ్చిన కాసెట్. దాంతోనే ఆయనకి పేరొచ్చింది.

అందులో ఒక షాట్ ఉంది. ఉద్యోగం పోయినవాడి భార్య వంటింట్లో కూర్చుని నాలుగు నిమిషాలు మాట్లాడుతుంది. ఆవిడ ముఖం మొదట్నుంచీ చివరిదాకా మసకే. వెనకాల దూరంగా గోడకి వేలాడుతున్న మొగుడి ఫ్యాక్టరీ కోటు మాత్రం గుండీలు లెక్కపెట్టుకునేంత స్పష్టంగా ఉంటుంది. నా థీసిస్‌లో ముప్ఫై ఎనిమిది పేజీలు ఆ నాలుగు నిమిషాల మీదే. పని మనిషిని ఎలా చెరిపేస్తుందో ఆయన ఫోకస్‌తో చూపించాడని రాశాను. క్లాసులో ఇప్పటికీ అదే చెప్తున్నాను. చెప్తున్నప్పుడు ఒక్కోసారి నా గొంతు నాకే మరీ గట్టిగా వినిపిస్తుంది.

ఇక నా ప్రశ్న. సినిమా చివర పేర్లలో ‘కెమెరా: గెర్హార్ట్ టీమ్లర్’ అని ఉంది. దాని కింద చిన్న అక్షరాల్లో ‘కెమెరా సహాయం: జి. ఫార్మింగ్టన్’ అని ఉంది. ఈ మనిషి ఇంకే సినిమాలోనూ లేడు. ఎక్కడ వెతికినా దొరకలేదు. టీమ్లర్ కూతురు మాకు పంపిన కాగితాల పెట్టెలో వాళ్ళు ఆ వేసవిలో దిగిన అపార్ట్‌మెంట్ అడ్రస్ ఉంది. అది నువ్వూ బాబాయీ మొదట్లో ఉన్న కాంప్లెక్సే. మీకు అక్కడ ఫార్మింగ్టన్ అనే అతను తెలుసా? బతికి ఉంటే తన పేరు సరిగ్గా అచ్చులో చూసుకోవాలి కదా. నేను రాసే దాంట్లో కనీసం ఆ ఒక్క పనైనా ఖాయంగా మంచిదనిపిస్తోంది.

నీ
రష్మి


ఫార్మింగ్టన్ హిల్స్,
ఫిబ్రవరి 24, 2025

చిరంజీవి రష్మికి,

అక్షరాలు బాగానే ఉన్నాయి. డాక్టరు చీటీలా ఉంటాయని భయపడ్డాను.

ఇక్కడ మంచు ఇంకా గడ్డకట్టే ఉంది. మీ బాబాయి డ్రైవ్‌వే మీద ఉప్పు చల్లుతానని వెళ్ళి జారాడు. ఏమీ కాలేదు. కాలేదని ఫోన్ చేసి అందరికీ చెప్పుకుంటున్నాడు.

ఫార్మింగ్టన్ అనే ఇంటిపేరు వాళ్ళు నాకు తెలిసి ఎవరూ లేరు. నలభై ఏళ్ళయింది. ఆ కాంప్లెక్స్‌లో ఎంతమంది వచ్చారో, ఎంతమంది పోయారో. సినిమావాళ్ళు దిగారని మాత్రం గుర్తుంది. పెట్టెలు దింపుకుంటుంటే చూశాం.

ఒక్క మాట. ఆ కోటు గోడకి లేదు. వీధి తలుపు వెనక కొక్కేనికి ఉంది. వంటింటికీ ఆ తలుపుకీ చాలా దూరం. ఆవిడ పాపం మాట్లాడుతూ మాట్లాడుతూ టీ చల్లార్చుకుంది, రెండుసార్లు. నువ్వు గోడ అని రాస్తే ఎవరూ పట్టుకోరులే. కానీ పుస్తకం అంటున్నావు కనక చెప్తున్నాను.

మా అల్లుడు దివాకర్‌ని అడిగానని చెప్పు. ఓక్ ట్రీ రోడ్డులో నువ్వు కొనే గోంగూర పచ్చడి ఈసారి ఎవరైనా ఇటు వస్తుంటే పంపు. ఇక్కడ దొరికే దాంట్లో గోంగూర కంటే నూనె ఎక్కువ.

ఆశీస్సులతో
పిన్ని


పిస్కాటవే,
మార్చి 8, 2025

పిన్నీ,

నీ ఉత్తరం చదివాక ఆ షాట్ మళ్ళీ వేసుకుని చూశాను. ఒకసారి కాదు, ఐదుసార్లు.

నువ్వు చెప్పినట్టే అది తలుపు. జాగ్రత్తగా చూస్తే పక్కన గొళ్ళెం అంచు కనిపిస్తుంది. పదిహేనేళ్ళుగా నేను గోడ అంటున్నాను, ఎవరూ కాదనలేదు. సరే, నువ్వు కాసెట్ చాలాసార్లు చూసి ఉంటావు అనుకున్నాను. కానీ టీ ఎక్కడిది పిన్నీ? ఆ ఫ్రేమ్‌లో ఆవిడ భుజాల కింద ఏమీ కనిపించదు. బల్ల లేదు, కప్పు లేదు. ఆవిడ టీ గురించి మాట్లాడదు కూడా. రెండుసార్లు చల్లారిన సంగతి ఆ వంటింట్లో ఉన్నవాళ్ళకే తెలుస్తుంది.

నేను నిన్ను నిలదీస్తున్నట్టు ఉంటే ఈ పేజీ చింపెయ్. ఇది రాయాలా వద్దా అని వారం ఆలోచించాను. చెప్పకూడని కారణం ఏదైనా ఉంటే చెప్పకు. కానీ తెలీదని మాత్రం అనకు. నువ్వు అబద్ధం చెప్తే నాకు చిన్నప్పట్నుంచీ తెలిసిపోతుంది, అవసరంలేని వివరాలు ఎక్కువ చెప్తావు. బాబాయి జారిపడటం అందుకే వచ్చిందేమో అనిపించింది. నిజంగా జారాడా?

రష్మి


ఫార్మింగ్టన్ హిల్స్,
మార్చి 29, 2025

రష్మీ,

జి. ఫార్మింగ్టన్ నేనే.

ఈ వాక్యం రాసి రెండు రోజులు కాగితాన్ని డ్రాయర్‌లో పెట్టాను. ఇవాళ తీసి చూస్తే ఇంకా అదే వాక్యం ఉంది. కనక మిగతాదీ రాస్తాను. బాబాయి నిజంగానే జారాడు.

1985లో మేము పై అంతస్తులో ఉండేవాళ్ళం, టీమ్లర్ గారు కింద. ఆయన్ని అక్కడందరూ గేరీ అని పిలిచేవాళ్ళు. మీ బాబాయి ఆఫీసుకి వెళ్ళిపోతే నాకు పొద్దున్నుంచి సాయంత్రం దాకా పనిలేదు. వైజాగ్‌లో ఎమ్మెస్సీ ఫిజిక్స్ చేసి, రెండేళ్ళు ల్యాబ్‌లో పిల్లల చేత ప్రయోగాలు చేయించినదాన్ని. ఇక్కడికి మొగుడి వీసా మీద వచ్చాను, ఉద్యోగం చెయ్యకూడదు. మెట్ల మీద కూర్చుని ఆయన లెన్సులు తుడుస్తుంటే చూసేదాన్ని. ఒకరోజు ఆ లెన్స్ గురించి ఏదో అడిగాను. ఆయన తుడవడం ఆపి, నీకిదంతా ఎలా తెలుసన్నాడు. అలా మాటలు కలిశాయి.

జులైలో ఆయన కుడికంట్లో రెటీనా ఊడింది. ఆపరేషన్ చేసి కట్టు కట్టారు. ఎడమకన్ను చిన్నప్పట్నుంచీ మందమే, వెలుగూ నీడా తప్ప తెలీదు. అదే వారంలో ఆయన అసిస్టెంట్ వాళ్ళ నాన్న పోయాడని జర్మనీ వెళ్ళిపోయాడు. టీవీవాళ్ళకి చెప్తే ఇంకో కెమెరామన్‌ని పంపుతారు. చూపు పోయిన కెమెరామన్ అని ఒక్కసారి పేరుపడితే ఆయన పని అయిపోయినట్టే. మిగిలింది సౌండ్ చూసే అతనొక్కడు, నోరు విప్పే రకం కాదు. ఆయన రెయిలింగ్ పట్టుకుని మెట్లెక్కి వచ్చి నన్నడిగాడు.

నేను ఆలోచించలేదు. సరే అన్నాను. ఆ తరవాత జీవితంలో ఏ పనికీ అంత తొందరగా సరే అనలేదు.

ఆయన కంటికి కట్టుతో కుర్చీలో కూర్చునేవాడు. కెమెరాలోంచి కనిపించేదంతా నేను పైకి చెప్పాలి.

“ఎడమ అంచున ఏముంది?”

“ఫ్రిజ్.”

“ఎంత?”

“సగం.”

“తీసెయ్.”

“తీస్తే భుజం తెగిపోతుంది.”

“ఎవరి భుజం?”

“ఆవిడదే.”

“అయితే ఉండనీ.”

ఇదీ మా పని. దర్శకత్వం, కెమెరా రెండూ మీరే ఎందుకు చేస్తారని అడిగాను. ఇద్దరుంటే మాట్లాడుకోవాలి, ఒక్కడైతే ఆ గోల లేదన్నాడు. పాపం, ఆ పదకొండు రోజుల్లో మాట్లాడినంత ఆయన అంతకుముందు పదేళ్ళలో మాట్లాడి ఉండడు.

నీ వంటింటి షాట్ మొదటిరోజుదే. మనిషి కెమెరాకి ఎంత దూరంలో ఉందో టేపుతో కొలిచి, లెన్స్ చుట్టూ ఉన్న చక్రాన్ని ఆ అంకె మీద పెట్టాలి. అప్పుడు ముఖం స్పష్టంగా వస్తుంది. మీ బాబాయి పనిముట్ల డబ్బాలోంచి టేపు తీసుకెళ్ళాను. కొలిస్తే తొమ్మిది అడుగులు. చక్రం తొమ్మిది మీద పెట్టాను.

ఆ చక్రం మీదివి మీటర్లు రష్మీ. జర్మనీ లెన్స్. తొమ్మిది మీటర్ల దూరంలో వీధి తలుపు ఉంది, దానికి కోటు ఉంది.

నేను చదువంతా మీటర్లలోనే చదివాను. ఈ దేశం వచ్చాక అడుగులూ అంగుళాలూ పట్టుబడక అవస్థపడ్డాను. డాక్టరు దగ్గరా, కర్టెన్లు కొనేచోటా, అన్నిచోట్లా మనసులో లెక్కలు వేసుకునేదాన్ని. ఆ రోజు లెక్క వెయ్యకుండా నేరుగా అడుగుల్లో ఆలోచించాను. అలవాటు పడిపోయానే అని లోపల సంతోషించాను కూడా.

కెమెరాలోంచి మసగ్గా కనిపించలేదా అంటావు. చూసే అద్దం ఆయన కంటికి సరిపడా బిగించి ఉంది, కదపొద్దన్నాడు. నాకు అన్నీ కొంచెం మసగ్గానే ఉండేవి. అయినా ముఖం కంటే కోటు బాగా కనిపిస్తోందని ఎందుకు గమనించలేదో ఈ రోజుకీ నాకు తెలీదు. ఆవిడ ఏడుస్తోంది. నేను కోటు చూడలేదు.

మర్నాడు ఫ్యాక్టరీ గేటు. కొలిస్తే నలభై అడుగులు. చక్రం మీద పదిహేను తరవాత అంకెలే లేవు. అవి అడుగులు కావని అప్పుడు తెలిసింది. సాయంత్రం ఆయనకి చెప్పాను.  ఆ వంటింటి ఆవిడ అప్పటికే ఒహాయోలో అక్క దగ్గరికి వెళ్ళిపోయింది, మళ్ళీ తియ్యడానికి లేదు. అంతా విని, ఏడుపు ఆపి తినడానికేమైనా పెట్టు అన్నాడు. పెసరట్లు వేశాను. మూడు తిన్నాడు.

ఆ ముక్క లేకపోతే సినిమా నిలబడదు కనక అలాగే వాడుకున్నాడు. దానికే బహుమతి ఇచ్చారు. తరవాత ఆయన తీసిన ఏడు సినిమాల్లోనూ ముఖాలు మసకే. అవి కావాలని చేసినవి, వాటితో నాకు సంబంధం లేదు.

పేరు వెయ్యొద్దని అడిగింది నేనే. అయితే ఏం వెయ్యను అన్నాడు. మీ ఇష్టం అన్నాను. ఊరి పేరు వేశాడు.

నువ్వు ముప్ఫై ఎనిమిది పేజీలు రాశావని చదివినప్పుడు మొదట నవ్వొచ్చింది. తరవాత రాలేదు.

పిన్ని


పిస్కాటవే,
ఏప్రిల్ 10, 2025

పిన్నీ,

నాకు ఇంకా నవ్వు రాలేదు. దివాకర్‌కి మాత్రం వచ్చింది. “అంటే బగ్‌ని ఫీచర్ అని అమ్మేశాడన్నమాట. ఇందులో కొత్తేముంది, మా సాఫ్ట్‌వేర్ టీమ్‌లో ప్రతి రిలీజ్‌కీ చేసేదే” అన్నాడు. తరవాత నా మొహం చూసి కాఫీ పెట్టి ఇచ్చాడు.

ఇన్నేళ్ళలో ఆ షాట్ గురించి ఎంతమంది పిల్లలకి చెప్పి ఉంటాను? ఆరువందలకి తక్కువ ఉండరు. వాళ్ళు నోట్సు రాసుకున్నారు. ఒక అమ్మాయి కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఇప్పుడు నాకేం అనిపిస్తోందో సరిగ్గా చెప్పలేను. ఎవరూ ఉద్దేశించని దాంట్లో నేను చూసిన అర్థం అబద్ధమా? ముఖం మసకగా ఉంది, కోటు స్పష్టంగా ఉంది, అది చూసి ఆ అమ్మాయి ఏడ్చింది. ఇవన్నీ నిజమే. కానీ ‘ఆయన ఇలా చేశాడు’ అని ప్రతి పేజీలోనూ రాశాను. ఆయన చెయ్యలేదు.

నీకు ఒక సంగతి చెప్పలేదు. నాది ఏడాదికోసారి పొడిగించే ఉద్యోగం. ఈ సంవత్సరం పర్మనెంట్ పోస్టు ఒకటి ఉంది. ఈ వ్యాసం ఆ కమిటీ ముందుకి వెళ్తుంది. నా పాత వాదాన్నే మళ్ళీ బాగా రాస్తానని వాళ్ళు ఎదురుచూస్తున్నారు. ముందే ఎందుకు చెప్పలేదంటే, నా అవసరం కోసం నిన్ను అడుగుతున్నానని అనుకుంటావని. అది ఎంతవరకు అబద్ధమో నాకే తెలీదు.

ఇప్పుడు అడుగుతున్నాను. ఈ సంగతి నీ పేరుతో రాయనిస్తావా? కంటికి కట్టు కట్టుకున్న దర్శకుడూ, మెట్ల మీద కూర్చునే ఫిజిక్స్ లెక్చరరూ. ఇంతకంటే మంచి సంగతి ఆయన జీవితం మొత్తంలో లేదు. నీ జీవితంలో ఉందేమో నాకు తెలీదు.

జూన్ పదిహేనున పుస్తకం ప్రెస్‌కి వెళ్తుంది.

రష్మి


ఫార్మింగ్టన్ హిల్స్,
ఏప్రిల్ 26, 2025

రష్మీ,

వద్దు.

ల్యాబ్‌లో పిల్లల చేత ప్రయోగాలు చేయించేవాళ్ళని లెక్చరర్ అనరు. డెమాన్‌స్ట్రేటర్ అంటారు. ముందు ఆ సంగతి.

ఎందుకు వద్దంటున్నానో చెప్తాను. 1985లో మా గ్రీన్‌కార్డు కాగితాలు నడుస్తున్నాయి. నేను పని చెయ్యకూడదు. జీతం తీసుకోకపోయినా, పని పనే. సినిమా చివర నా పేరు పడితే అది నేనే చేతులారా రాసిచ్చిన సాక్ష్యం. తరవాత ఒక ఫారం నింపాం. అనుమతి లేకుండా ఎప్పుడైనా పని చేశారా అని అడిగారు. లేదని టిక్ పెట్టి సంతకం చేశాను. పెన్ను మీ బాబాయిదే, సంతకం నాది. 1993లో సిటిజన్‌షిప్ వచ్చింది. చెయ్యెత్తి ప్రమాణం చేసిన రోజు కూడా నాకు ఆ ఫారమే గుర్తొచ్చింది.

నలభై ఏళ్ళ కిందటిది ఇప్పుడెవరు అడుగుతారంటావు. మా గుడి వాట్సాప్ గ్రూపు చూస్తే తెలుస్తుంది నీకు. పాత ఫైళ్ళు తీస్తున్నారట, ఎప్పుడో ఇచ్చిన సిటిజన్‌షిప్ కూడా వెనక్కి తీసుకుంటారట. అందులో ఎంత నిజమో నాకు తెలీదు. కానీ ఈ మధ్య కెనడా బోర్డరు దాటి విండ్సర్‌లో పెళ్ళికి వెళ్ళాల్సొస్తే, కాళ్ళనొప్పులని చెప్పి మానేశాను.

మీ బాబాయిని అడిగాను. “పేరొస్తే ఏమొస్తుందే? ఈ వయసులో ఆస్కార్ ఇస్తారా నీకు?” అన్నాడు. మళ్ళీ, “ఆ జర్మనీవాడు నా టేపు తిరిగివ్వలేదు” అన్నాడు. ఆ టేపు మా గరాజ్‌లోనే ఉంది. ఆయనకి ఆ రోజులంటే ఇంకా మంట, అంతే. నేను సాయంత్రం ఇంటికొచ్చి కెమెరా కబుర్లు చెప్తుంటే వినేవాడు కాదు. భయపడ్డాడు. నేను కూడా భయపడి ఉంటే బాగుండేదని ఆయన ఉద్దేశం.

నువ్వు నీ పాత వాదమే రాసుకో. ఎవరికి నష్టం? పోస్టు వస్తుంది. టీమ్లర్ గారు పోయి పద్నాలుగేళ్ళు. నేను చెప్తే తప్ప ఎవరికీ తెలీదు, నేను చెప్పను.

పిన్ని


పిస్కాటవే,
మే 17, 2025

పిన్నీ,

నీ మాట అర్థమైంది. నేను కూడా దివాకర్ వీసా మీదే వచ్చినదాన్ని. పని చేసుకోవచ్చని కాగితం వచ్చేదాకా పద్నాలుగు నెలలు ఇంట్లో కూర్చున్నాను. లైబ్రరీలో ఊరికే పుస్తకాలు సర్దిపెడతానంటే, అది కూడా వద్దేమో అని దివాకర్ రెండు రోజులు ఆలోచించాడు. కనక భయం గురించి నువ్వు నాకు చెప్పాల్సిన పనిలేదు. నీ పేరు రాయను.

పాత వాదం కూడా రాయలేను. ప్రయత్నించాను. మూడు పేజీలు నడిచింది. నాకు ఆ భాష బాగా వచ్చు కదా, చెయ్యి దానంతటదే రాసుకుపోయింది. చదువుకుంటే నా వెనక ఎవరో నిలబడి వింటున్నట్టనిపించింది. తీసేశాను.

కొత్తగా రాసింది ఇంగ్లీషులో ఉంది. నీకు సంబంధించిన చోటు మాత్రం తెలుగు చేసి పంపుతున్నాను.

“1985 జులైలో టీమ్లర్ కంటి ఆపరేషన్ వల్ల పదకొండు రోజులపాటు చూడలేని స్థితిలో ఉన్నాడు. ఆ రోజుల్లో పొరుగున ఉండే గృహిణి ఒకామె కెమెరాకి సహాయం చేసింది. ఆమె కొలతలో జరిగిన ఒక పొరపాటే తరవాత టీమ్లర్ శైలిగా పేరుపొందిన మసకకి మూలం. ఈ వ్యాసకర్త గతంలో దీన్ని ఉద్దేశపూర్వకమైన ఎంపికగా భావించింది. అది సరికాదు.”

దీని తరవాత రెండు పేజీలు ఆ వంటింటి షాట్ గురించి ఉంది. మిగతా పది రోజుల గురించి ఒక వాక్యం.

మా డిపార్ట్‌మెంట్ హెడ్‌కి చూపించాను. “నిజాయితీగా ఉంది” అన్నాడు. తరవాత వాతావరణం గురించి మాట్లాడాడు. కమిటీ సంగతి ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. దీని గురించి నువ్వేమీ బాధపడకు, ఇది నేను చేసుకున్నది.

ఇందులో నిన్ను గుర్తుపట్టేది ఏమైనా ఉంటే చెప్పు, తీసేస్తాను.

రష్మి


ఫార్మింగ్టన్ హిల్స్,
జూన్ 2, 2025

రష్మీ,

గృహిణి ఒకామె!

మూడుసార్లు చదివాను. మొదటిసారి, ఎవరూ గుర్తుపట్టరు, హాయి అనుకున్నాను. రెండోసారి వంటచేస్తూ చదివాను, పోపు మాడిపోయింది. మూడోసారి మీ బాబాయికి పైకి చదివి వినిపించాను. విని, “బాగానే ఉందిగా, నువ్వు గృహిణివే కదా” అన్నాడు. ఆయనతో సాయంత్రం దాకా మాట్లాడలేదు. నా మౌనం ఆయన గమనించలేదు, అది వేరే సంగతి.

పొరపాటు మొదటిరోజు చేశాను. నిజమే, రాయి. కానీ అది ఒక్కరోజు. మిగతా పది రోజులు నేను తీసిన ఒక్క అడుగు ఫిల్మ్ కూడా మసక లేదు. ఫ్యాక్టరీ గేటు, చర్చి మెట్లు, ఆ ముసలాయన పాత కారు బానెట్ తుడిచేది, పిల్లకి సైకిల్ నేర్పేది, అన్నీ నావే. వాటి గురించి ఎవరూ ఏమీ రాయలేదు, ఎందుకంటే అవి సరిగ్గా ఉన్నాయి. తప్పు చేస్తే రెండు పేజీలు, సరిగ్గా చేస్తే ఒక వాక్యమూనా?

ఇంకొకటి చెప్తాను. దీన్ని ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. తొమ్మిదోరోజు, బంతి దొర్లించి అవతల నిలబెట్టిన చెక్క పిన్నులు పడగొడతారే, ఆ బౌలింగ్ ఆడే హాల్లో తీశాం. ఉద్యోగం పోయినాయన ఫ్యాక్టరీ స్నేహితులతో ఆడుతున్నాడు. టీమ్లర్ గారు కుర్చీలోంచి, “బంతితో పాటు వెళ్ళు, పిన్నులు పడేది చూపించు” అన్నాడు. బంతి వదిలాడు. బంతి వెళ్ళింది. నేను వెళ్ళలేదు. ఆ మనిషి బంతి వంక చూడటం లేదు. పక్కనున్న స్నేహితుల చొక్కాల మీద ఫ్యాక్టరీ పేరు ఉంది, తన చొక్కా మీద లేదు, వాటి వంకే చూస్తున్నాడు. నేను ఆయన ముఖం మీదే ఉండిపోయాను. అవతల పిన్నులన్నీ దబదబా పడ్డాయి. టీమ్లర్ గారికి ఆ చప్పుడు వినిపించింది. “వచ్చాయా?” అన్నాడు. “వచ్చాయి” అన్నాను.

అబద్ధం. ఒక్క పిన్ను కూడా రాలేదు.

కట్టు విప్పాక ఎప్పుడో ఆయన ఆ ఫిల్మ్ చూసి ఉంటాడు. నాకు ఏమీ రాయలేదు. సినిమాలో ఆ ముక్క మొత్తం ఉంచాడు. నువ్వే చూసుకో, నలభై సెకన్లు ఉంటుంది. చెప్పినట్టు చేసినదాన్ని సహాయం అంటారు. దీన్ని ఏమంటారో నువ్వే చదువుకున్నదానివి, నువ్వే చెప్పు.

పోయిన గురువారం అనుష్క దగ్గరికి వెళ్ళాను. నీకు గుర్తుందా, మా వీధిలో శ్యామ్‌సుందర్ గారి అమ్మాయి, ఇప్పుడు ఇమిగ్రేషన్ లాయరు. అంతా చెప్పాను. నలభై ఏళ్ళ తరవాత ఈ మాటలన్నీ ఇంగ్లీషులో ఒకేసారి చెప్పడం విచిత్రంగా ఉంది. ఆ పిల్ల తెలుగులోనే మాట్లాడాలని చూసింది పాపం.

“ఆంటీ, మీకు వాళ్ళు మనీ ఇచ్చారా?”

“లేదమ్మా. వెళ్ళేటప్పుడు ఒక గొడుగు ఇచ్చాడు.”

“గొడుగు కౌంట్ కాదు ఆంటీ. పే లేదు, ఫ్రెండ్‌కి హెల్ప్ చేశారు. దానికి వర్క్ అని ప్రూవ్ చెయ్యడం చాలా హార్డ్. రిస్క్ చాలా చాలా చిన్నది.”

“రిస్క్ అసలు లేదని చెప్పొచ్చుగా?”

“జీరో అని నేను చెప్పను ఆంటీ. ఈ టైమ్‌లో ఎవరికీ జీరో అని చెప్పడం లేదు.”

నాకు ఆ మాట నచ్చింది. వాట్సాప్‌లో అందరూ అయితే కొంపలంటుకున్నాయి అంటారు, లేకపోతే ఏమీ కాదు అంటారు. ఈ పిల్ల కొలిచి చెప్పింది. ఇంటికి వచ్చి మీ బాబాయికి చెప్పాను.  “సున్నా కాదందిగా” అన్నాడు. “కాదంది” అన్నాను. “అయినా రాయిస్తావు” అన్నాడు. “రాయిస్తాను” అన్నాను. లేచి వెళ్ళి ఆ ఫారం జిరాక్స్ కాపీ, పాత పాస్‌పోర్టులూ ఒక కవర్లో పెట్టి, అనుష్క నంబరు ఫ్రిజ్ మీద అంటించాడు. సరేనని నోటితో అనలేదు. ఆ రాత్రి నాకు నిద్ర సరిగ్గా పట్టలేదు, ఇప్పుడూ భయంగానే ఉంది. భయం పోయాక రాయిద్దామంటే నాకు అరవై ఎనిమిది.

నీ పోస్టు కోసం చేస్తున్నాననుకోకు. దానివల్ల నీకు మేలు జరిగితే మంచిదే, జరక్కపోతే నన్ననకు.

పేరు వేమూరి గిరిజ. డెమాన్‌స్ట్రేటర్ అని రాస్తే రాయి, లెక్చరర్ అని రాయకు. మీటర్ల సంగతి దాచకు. కెమెరా అని రాయి, సహాయం అనొద్దు. పదకొండు రోజులని రాయి. అంతకంటే ఒక్కరోజు కూడా ఎక్కువ రాయకు.

పిన్ని